ఫ్రాన్స్వాజ్ బొన్నో: ఒకే ఏడాది, రెండు లయలు

ప్రశ్న: ఈమధ్య 'జెడ్' అనే ఫ్రెంచి సినిమా చూశాను. దానికి ఎడిటింగ్‌లో ఆస్కార్ అందుకున్న ఫ్రాన్స్వాజ్ బొన్నో గురించి చెప్పగలరా? వేగమే ఆమె ప్రత్యేకత అనుకోవచ్చునా?
– ఒక పాఠకురాలు

జవాబు: 1939లో పుట్టి 2018లో కన్నుమూసిన ఫ్రాన్స్వాజ్ బొన్నోకు ఎడిటింగ్ తల్లి దగ్గర అబ్బిన విద్య. తల్లి మోనిక్ బొన్నో కూడా పేరున్న ఎడిటరే. 1967లో వచ్చిన జాన్ పియెర్ మెల్విల్ చిత్రం 'ల సామురాయ్'కి పనిచేసిన ఇద్దరు ఎడిటర్లలో ఆమె ఒకరు. తల్లికి సహాయకురాలిగా మొదలైన ఫ్రాన్స్వాజ్, 1960ల తొలినాళ్లకే దర్శకుడు హెన్రీ వెర్నోయ్ చిత్రాలకు ఎడిటర్ అయ్యారు. తర్వాత ఆయన్నే వివాహమాడారు.

ఇక వేగం సంగతి. 1963లో గ్రీసులో జరిగిన పార్లమెంటు సభ్యుడు లాంబ్రాకిస్ హత్య ఆధారంగా కోస్టా గావ్రాస్ తీసిన 'జెడ్' (1969)లో కథ పరుగెత్తే తీరు చూస్తే మీకు అలా అనిపించడం సహజమే. చివర్లో ఆ హత్య కేసులో నిందితులైన ఉన్నతాధికారులు ఒక్కొక్కరే న్యాయాధికారి ముందుకు వస్తారు. పేరు, వృత్తి అడగడం, టైపు మిషను టకటకలు, బయటికి వచ్చిన అధికారి తాళం వేసిన తలుపును లాగి చూడడం: ఇదే వరస మళ్లీ మళ్లీ వస్తుంది. ఆ పునరావృతిలోనే వాళ్ల అహంకారం కూలిపోతుంది. ఆ పతనాన్ని మనకు అనుభవంలోకి తెచ్చేది మాటలకన్నా ఎక్కువగా ఆ కూర్పే.

అయితే అదే 1969లో, నాజీ ఆక్రమణను ఎదిరించిన ఫ్రెంచి రహస్యోద్యమకారుల మీద మెల్విల్ తీసిన 'ఆర్మీ ఆఫ్ షాడోస్'కూ ఆమే ఎడిటర్. అందులో నిర్బంధం నుంచి తప్పించుకున్న నాయకుడు ఒక మంగలి దుకాణంలోకి దూరి గడ్డం గీయమంటాడు. గోడ మీద, నాజీలతో చేతులు కలిపిన పేతాఁ ప్రభుత్వపు పోస్టరు కనిపిస్తుంది. మంగలి ఎటు పక్షమో తెలియదు, కత్తి మాత్రం గొంతు దగ్గర ఉంది. సంభాషణ దాదాపుగా లేని ఈ ఘట్టాన్ని ఆమె ఎక్కడా తొందరపెట్టలేదు. చివరికి మంగలి ఏమీ అడగకుండా తన దగ్గరున్న వేరే కోటు అతని చేతికి ఇచ్చినప్పుడు గానీ మన ఊపిరి కుదుటపడదు. నా దృష్టిలో ఆమె ప్రతిభకు ఆస్కార్ తెచ్చిన చిత్రంకన్నా ఇదే గట్టి సాక్ష్యం. ఫ్రెంచిలో ఎడిటింగ్‌ను 'మోంతాజ్' అంటారు; ఆ మాటకు జోడించడం, అమర్చడం అనే అర్థం ఉంది. తెలుగులో మనం 'కూర్పు' అనడం కూడా అలాంటిదే.

కోస్టా గావ్రాస్‌తో ఆమె అనుబంధం చాలాకాలం సాగింది. చిలీ సైనిక కుట్ర నేపథ్యంలో ఆయన తీసిన 'మిస్సింగ్' (1982) ఆమెకు బ్రిటన్ సినీ పురస్కారమైన బాఫ్తా తెచ్చింది. పొలాన్‌స్కీ 'ది టెనెంట్' (1976) కూడా ఆమె కూర్పే. అరవయ్యేళ్ల వయసులో అమెరికన్ దర్శకురాలు జూలీ టేమర్ చిత్రం 'టైటస్' (1999)కు, ఆ తర్వాత 'ఫ్రీడా' (2002)కు పనిచేశారు. 'జెడ్' మీకు ఇంకా కళ్ల ముందు ఉండగానే 'ఆర్మీ ఆఫ్ షాడోస్' కూడా చూడండి.