మియోరిత్సా: అమ్మకు చెప్పకూడని చుక్క

"రొమేనియా వాళ్లు మియోరిత్సా అనే జానపద గీతాన్ని ఎందుకంత నెత్తిన పెట్టుకుంటారు? చంపబోతున్నారని తెలిసీ ఎదురు తిరగని కాపరి కథలో ఏముంది?" అని అడిగారు. రొమేనియాలోని క్లుజ్‌ నగరంలో మెడిసిన్ చదవడానికి వెళ్లిన కొత్తలో, రొమేనియన్ భాష నేర్పే క్లాసులో నేనూ ఇదే అడిగాను. జవాబు రెండేళ్ల తర్వాత ఓ పల్లెలో దొరికింది.

మియోరిత్సా అంటే ఆడ గొర్రెపిల్ల. ముగ్గురు కాపరులు మందలు తోలుకుని కొండ దిగుతుంటారు. ఒక్కొక్కరిదీ ఒక్కో ప్రాంతం: ఒకడు మోల్దోవా వాడు, ఒకడు ట్రాన్సిల్వేనియా వాడు, ఒకడు వ్రాంచా వాడు. మోల్దోవా కుర్రాడికి గొర్రెలెక్కువ. పొద్దుగూకే వేళకి అతన్ని చంపేద్దామని మిగతా ఇద్దరూ అనుకుంటారు. మూడు రోజులుగా గడ్డి సయించక అరుస్తున్న గొర్రెపిల్ల ఆ సంగతి అతనికి చెప్పేస్తుంది.

అప్పుడతను "నేను చావాల్సి వస్తే" అని మొదలుపెడతాడు. ఆ "వస్తే" అన్నమాట చాలామంది దాటేస్తారు. పాటలో హత్య జరగనే జరగదు. తనను గొర్రెల దొడ్డి దగ్గరే పాతిపెట్టాలట, కుక్కల అరుపు వినబడాలట, తల దగ్గర వేణువులు పెట్టాలట. గాలి వాటిలో దూరితే గొర్రెలు చేరి ఏడుస్తాయట. తోటి గొర్రెలకు మాత్రం చావు మాట ఎత్తొద్దంటాడు. లోకానికంతా పెళ్లికూతురైన రాణిని పెళ్లాడానని, పెళ్లిలో ఆకాశం నుంచి ఓ చుక్క రాలిందని, సూర్యచంద్రులు పెళ్లి కిరీటం పట్టారని, కొండలు పురోహితులని, పిట్టలు వాయిద్యగాళ్లని చెప్పమంటాడు.

తర్వాత అమ్మ వస్తుంది. ఉన్ని నడికట్టు కట్టుకుని, కొడుకును వెతుక్కుంటూ పొలాలకడ్డంగా పరుగెత్తే ముసలమ్మ. ఆమెకు పెళ్లయిందని చెప్పు, చుక్క రాలిందని మాత్రం చెప్పకు అంటాడు. చుక్క రాలితే ఎవరో పోయారని మా నాయనమ్మా అనేది, అందుకే నాకు అక్కడ గొంతు పట్టేసింది. చుక్క మాట వింటే ఆ తల్లికి అంతా తెలిసిపోతుంది. పాట ప్రాణం నాకు అక్కడే ఉందనిపిస్తుంది.

పెళ్లి ఊహ ఎక్కడిదో ట్రాన్సిల్వేనియాలోని హునెదోవారా వైపు ఓ స్నేహితుడి ఊరికి వెళ్లినప్పుడు తెలిసింది. పెళ్లికాని కుర్రాడొకడు పోయాడు. తోటి కుర్రాళ్లు అడవిలో ఫర్ చెట్టు (క్రిస్మస్ చెట్టులాంటిది) కొట్టి, పెళ్లికి కట్టినట్టే రిబ్బన్లు కట్టి, మోసుకొచ్చి సమాధి దగ్గర నిలబెట్టారు. ఆడవాళ్లు ఆ చెట్టును పలకరిస్తూ పాడారు. పెళ్లి కాకుండా పోయినవాడికి చావులోనే పెళ్లి చేసి పంపే ఆచారమది. మియోరిత్సా వెనక ఉన్నది ఈ ఆచారమేనని సంగీత పరిశోధకుడు కొన్‌స్టాంటిన్ బ్రైలోయు 1946లోనే రాశాడు. అంతకు ముందు 1936లో తత్త్వవేత్త లూచియాన్ బ్లాగా ఈ పాటలోని కొండాలోయల లయే రొమేనియన్ల మనసు అన్నాడు. ఇంకొందరు దీన్ని విధికి తలవంచే జాతి లక్షణం చేసేశారు. నేనది ఒప్పుకోను. అమ్మను కాపాడ్డానికి అబద్ధం అల్లేవాడు తలవంచినట్టు కాదు.

పుట్టుక సంగతికొస్తే, బడిలో చదివే పాఠాన్ని కవి వసీలె అలెక్సాండ్రి 1850లో బుకోవినా పత్రికలో అచ్చు వేశాడు. 1846లో సొవేజా మఠంలో ప్రవాస శిక్ష అనుభవించిన అతని మిత్రుడు అలెకు రుస్సో దాన్ని అక్కడే విన్నాడంటారు. అలెక్సాండ్రి కొంత చెక్కాడు కూడా. జనం నోట వెయ్యికి పైగా పాఠాంతరాలు ఉన్నాయి, ఒక్కోచోట ఒక్కో తీరు.

మా స్నేహితుడి అవ్వకు బడి పాఠం రాదు. ఆమె నాకు పాడి వినిపించింది కొలింద, అంటే క్రిస్మస్ రోజుల్లో ఇంటింటి ముందు పాడేది. అందులో గొర్రెపిల్లే లేదు. తల దగ్గర పెట్టమన్న వేణువు మాత్రం ఉంది.