డెమోలా ఉండే 'రెడ్ హెడెడ్ స్ట్రేంజర్'లో అంత గొప్ప ఏముంది?

అమెరికన్ కంట్రీ గాయకుడు విల్లీ నెల్సన్ ఆల్బమ్ 'రెడ్ హెడెడ్ స్ట్రేంజర్' డెమో టేపులా (అసలు రికార్డింగుకి ముందు నమూనాగా చేసుకునే దానిలా) ఉంది, దీన్ని అంతగా ఎందుకు మెచ్చుకుంటారని అడిగారు. 1975లో దీన్ని విడుదల చేసిన కంపెనీ కొలంబియా రికార్డ్స్ పెద్దలకూ ఇదే సందేహం. కానీ ఏం విడుదల చేయాలో తేల్చే హక్కు కాంట్రాక్టులోనే విల్లీకి ఉంది. అందుకే ఏమీ కలపకుండా అలాగే బయటికొచ్చి, కంట్రీ ఆల్బమ్ చార్టులో నంబర్ వన్ అయి కూర్చుంది.

అప్పట్లో కంట్రీ సంగీతానికి కేంద్రమైన నాష్‌విల్‌లో పాటంటే వెనకాల వయొలిన్లు, కోరస్ దండిగా ఉండాల్సిందే. విల్లీ అక్కడ గాయని ప్యాట్సీ క్లైన్‌కి 'క్రేజీ' లాంటి హిట్ రాసిచ్చాడు గానీ, గాయకుడిగా తనకి పెద్దగా కలిసిరాలేదు. టెక్సాస్ వెళ్లిపోయి, డాలస్ పక్కన గార్లండ్‌లో ఒక స్టూడియోలో తన బ్యాండుతోనే ఇది రికార్డు చేశాడు. పియానో అక్క బాబీది, హార్మోనికా మికీ రఫేల్‌ది.

నేను డాలస్‌లో పనిచేసేటప్పుడు హ్యూస్టన్ వెళ్లే దారిలో దీన్ని వరసగా వినేవాణ్ణి. అరగంట పైచిలుకే, దారిలో ఎన్నిస్ అనే ఊరు దాటేలోపే అయిపోతుంది. మీరు పాటల్ని షఫుల్‌లో విన్నారేమో అని నా అనుమానం. ఇది మొత్తం ఒకటే కథ. ఒక ప్రీచర్‌ని (చర్చిలో బోధ చేసేవాణ్ణి) భార్య వదిలేసి పాత ప్రియుడి దగ్గరికి పోతుంది. అతను ఇద్దర్నీ వెతికి చంపేసి, ఆమె గుర్రాన్ని వెంటబెట్టుకుని ఊళ్లు పట్టి తిరుగుతాడు. బుర్రకథలో వంతపాటలా 'టైమ్ ఆఫ్ ది ప్రీచర్' మధ్యమధ్యలో ముక్కలుగా తిరిగొస్తూ ఉంటుంది.

ఇప్పుడు అందరికీ తెలిసిన 'బ్లూ ఐస్ క్రయింగ్ ఇన్ ది రెయిన్' ఎక్కడ వస్తుందో చూడండి. ఫ్రెడ్ రోజ్ రాసిన పాత పాట అది, 1940ల్లోనే రాయ్ ఎకఫ్ అనే కంట్రీ గాయకుడు పాడాడు. విడిగా వింటే మెత్తటి విరహగీతం. ఆల్బమ్‌లో మాత్రం హత్యలు జరిగిన వెంటనే వస్తుంది! పాడుతున్నది చంపినవాడే. విల్లీ ఎక్కడా గొంతు పెంచడు. మాటల్ని తాళానికి కాస్త అటూ ఇటూ జరుపుతూ, పక్కన కూర్చుని చెప్తున్నట్టు పాడతాడు. మధ్యలో నైలాన్ తీగల గిటార్ మీద ఒక్కో స్వరం మీటుకుంటూ పోతాడు, అంతే. అక్కడ వయొలిన్లు పెట్టుంటే మనం జాలిపడటానికి తయారైపోయేవాళ్లం. గాయకుడిగా ఇదే అతని మొదటి నంబర్ వన్ పాట, అప్పటికి వయసు 42. గ్రామీ కూడా వచ్చింది.

అంతా నచ్చిందని చెప్పను. టైటిల్ పాటలో ఒకామె ఆ గుర్రం మీద చెయ్యి వేసిందని కాల్చేస్తాడు, గుర్రపు దొంగని చంపితే ఉరి తియ్యరులే అన్నట్టు సాగిపోతుంది. కారులో మా ఆవిడ "ఏంటండీ, గుర్రాన్ని ముట్టుకుంటేనే చంపేస్తాడా?" అంది. నా దగ్గర జవాబు లేదు. రికార్డు రెండో వైపు మాటల్లేని వాయిద్యపు ముక్కలు ఎక్కువై కథ కాస్త జారిపోతుంది కూడా. 'హ్యాండ్స్ ఆన్ ది వీల్' వచ్చాకే మళ్లీ పట్టు దొరుకుతుంది.

ఒకసారి షఫుల్ ఆపి మొదట్నుంచీ వినండి. అప్పటికీ ఎక్కకపోతే వదిలేసి అతని 'స్టార్‌డస్ట్' (1978) పెట్టుకోండి. పాత పాప్ పాటలు, కథ ఏమీ ఉండదు, వాయిద్యాలు కూడా కాస్త నిండుగా ఉంటాయి.