ముందు పుస్తకం అచ్చయిన ఏడాది చూడు

అమ్మలూ,

నీ మెసేజ్ చూశాను. సెమినార్ పేపర్‌కి "జర్మనీ చరిత్రలో మలుపులు" అనే అంశం ఇచ్చారు, మూడు వారాలే టైముంది, లైబ్రరీ నుంచి ఆరు పుస్తకాలు తెచ్చుకుంటే ఆరుగురూ ఆరు చోట్ల మలుపు చూపిస్తున్నారు. అదీ నీ టెన్షన్. "పెద్దమ్మా, వీళ్లలో ఎవరిది కరెక్ట్?" అని అడిగావు. ఫోన్లో చెబితే సగం నువ్వు మరిచిపోతావు, సగం నేను మరిచిపోతాను. అందుకే ఉత్తరం.

ముందు నా తప్పు ఒకటి చెప్పుకోవాలి. కాలేజీలో చేరిన కొత్తలో నేను నోట్సు డిక్టేట్ చేసేదాన్ని. 1848 విప్లవాల పాఠం చివర ఒక వాక్యం తప్పకుండా ఉండేది: జర్మనీ చరిత్ర మలుపు దాకా వచ్చింది గానీ తిరగలేదు అని. పిల్లలకు అది భలే నచ్చేది. పరీక్షలో అందరూ అదే రాసేవాళ్లు, నేను అందరికీ మార్కులు వేసేదాన్ని. ఒక ఏడాది వెనక బెంచీ కుర్రాడొకడు లేచి, "మేడమ్, ఈ మాట అప్పట్లో ఉన్నవాళ్లు అన్నారా?" అని అడిగాడు. నాకు జవాబు తెలియలేదు. రేపు చెబుతానని కూర్చోబెట్టాను. తీరా వెతికితే, అది ఎ.జె.పి. టేలర్ అనే ఇంగ్లండ్ చరిత్రకారుడు 1945లో అచ్చు వేయించిన పుస్తకంలోది. జర్మనీతో ఆరేళ్లు యుద్ధం చేసిన దేశంలో, ఆ యుద్ధం ముగిసిన ఏడాది వచ్చిన పుస్తకం. నేను దాన్ని 1848 నాటి సంగతిలా చెబుతూ వచ్చాను. అందులో సగం 1945 నాటి సంగతి.

1848 మే 18న ఫ్రాంక్‌ఫర్ట్‌లోని సెయింట్ పాల్ చర్చిలో, విడివిడిగా ఉన్న జర్మన్ రాజ్యాలను ఏకం చేసి రాజ్యాంగం రాయడానికి జాతీయ సభ కూర్చుంది. మరుసటేడు ఏప్రిల్‌లో ఆ సభ ఇవ్వబోయిన జర్మనీ కిరీటాన్ని, ఆ రాజ్యాల్లో బలమైనదైన ప్రష్యా రాజు నాలుగో ఫ్రెడరిక్ విలియం వద్దన్నాడు. ఇవి ఎవరు రాసినా మారవు. కానీ అది "తప్పిపోయిన మలుపు" అనాలంటే, ఆ తర్వాత ఏం జరిగిందో తెలిసినవాడే అనాలి. ఆ రాజుకి హిట్లర్ పేరు తెలియదు కదా.

కాబట్టి నేను చెప్పే మొదటి పని ఇది. ఏ పుస్తకం తెరిచినా ముందు అది అచ్చయిన ఏడాది చూడు. నోట్సులో పేజీకి రెండు గళ్లు గీసుకో. ఎడమ గడిలో అతను మలుపు అంటున్న సంవత్సరం, కుడి గడిలో అతను ఆ మాట రాసిన సంవత్సరం. ఆరు పుస్తకాలకీ ఇలా రాసి చూడు. సగం చిక్కు అక్కడే విడిపోతుంది.

1871తో మొదలుపెట్టు. ఆ జనవరి 18న వెర్సాయ్ అద్దాల మందిరంలో జర్మన్ సామ్రాజ్యాన్ని ప్రకటించారు. హైన్రిష్ ఫాన్ జీబెల్ అనే ప్రష్యా పక్షపు చరిత్రకారుడు ఆ నెలలోనే స్నేహితుడికి ఉత్తరం రాశాడు. ఇంత గొప్ప సంగతులు కళ్లారా చూసే దైవకృపకు మనం ఏం చేసి నోచుకున్నాం, ఇక ముందు ఎలా బతకాలి అని దాని సారాంశం. అతనికి చరిత్ర గమ్యం చేరిపోయింది. తర్వాత ఆ సామ్రాజ్య స్థాపన మీద ఏడు సంపుటాలు రాశాడు. ఇందులో నాకు సరదాగా అనిపించే సంగతి ఇంకొకటుంది. సామ్రాజ్యాన్ని కట్టిన ఛాన్సలర్, అంటే ప్రభుత్వాధినేత, బిస్మార్క్ పదవిలో ఉన్నంత కాలం జీబెల్‌కి ప్రభుత్వ పత్రాలు చూసే వీలుండేది. 1890లో బిస్మార్క్ దిగిపోగానే ఆ తలుపు మూసేశారు. బీరువా తాళం ఎవరి చేతిలో ఉందో కూడా మూడో గడిగా రాసుకోవచ్చు.

ఇంకో మంచి ఉదాహరణ ఫ్రీడ్రిష్ మైనెకె. 1862లో పుట్టాడు. 1908లో వచ్చిన తన పుస్తకంలో, విశ్వమానవ భావన నుంచి జాతిరాజ్యం దాకా జర్మన్ ఆలోచన నడిచిన దారిని ఎదుగుదలగా చూశాడు. 1946లో, ఎనభై దాటాక, "జర్మన్ విపత్తు" అనే అర్థం వచ్చే పేరుతో చిన్న పుస్తకం రాశాడు. అందులో ఆ దారినే తిరిగి తవ్వి, ఎక్కడ చెడింది, ప్రష్యా సైనిక బుద్ధిలోనా, బిస్మార్క్ కాలంలోనా అని వెతికాడు. మనిషి ఒక్కడే, దేశం ఒక్కటే. మధ్యలో రెండు యుద్ధాలు. నీ పేపర్‌లో ఒక్క ఉదాహరణకే చోటుంటే ఇది పెట్టు.

ఇక నువ్వు అర్థం కాలేదన్న "ప్రత్యేక మార్గం", అదే జర్మన్‌లో జోండర్‌వేగ్. ఇందులో తికమకేమీ లేదు. 1914కి ముందు చాలామంది జర్మన్ మేధావులు ఈ భావాన్ని గర్వంగా చెప్పుకున్నారు. మాది ఇంగ్లండ్ దారీ కాదు, ఫ్రాన్స్ దారీ కాదు, మాకు సమర్థులైన అధికారులున్నారు, లోతైన సంస్కృతి ఉంది అని. 1945 తర్వాత అదే భావం తప్పుల చిట్టా అయింది. యుద్ధకాలంలో బ్రిటన్, అమెరికాల్లో కొందరైతే పదహారో శతాబ్దపు మత సంస్కర్త లూథర్ దగ్గర మొదలుపెట్టి హిట్లర్ దాకా ఒకే గీత గీసేశారు. పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గానీ పోదంటారే, అలాంటి వాదన. అది చదువుతున్నప్పుడు బాగానే ఉంటుంది గానీ చరిత్ర అనిపించుకోదు. 1970లలో బీలెఫెల్డ్ విశ్వవిద్యాలయంలో హాన్స్ ఉల్రిష్ వేలర్, యూర్గెన్ కొకా లాంటివాళ్లు దీన్ని గట్టి పునాది మీదకి తెచ్చారు. పరిశ్రమ వేగంగా ఎదిగింది, అధికారం మాత్రం పాత భూస్వాముల చేతిలోనే ఉండిపోయింది, ఆ పొంతన లేకపోవడమే 1933లో హిట్లర్ గద్దెనెక్కడానికి దారి తీసింది అన్నారు.

1980లో డేవిడ్ బ్లాక్‌బోర్న్, జెఫ్ ఈలీ అనే ఇద్దరు బ్రిటిష్ యువకులు వచ్చి ఒక సూటి ప్రశ్న వేశారు. జర్మనీ దారి తప్పింది అంటున్నారు సరే, తప్పని దారి ఏది? ఇంగ్లండా? ఆ ఇంగ్లండ్ నిజంగా అలా ఉండేదా? ఈ ప్రశ్న నాకు చాలా ఇష్టం. ఎవరైనా "ఈ దేశం వెనకబడింది", "ఆ దేశం దారి తప్పింది" అంటే నువ్వూ ఇదే అడుగు: ఏ కొలబద్దతో?

ఇప్పుడు ఫిషర్ సంగతి. ఇది కాస్త నెమ్మదిగా చదువు. నీ పేపర్‌కి గుండెకాయ ఇదే కావాలని నా కోరిక.

మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత కుదిరిన వెర్సాయ్ సంధిలోని 231వ అధికరణం, ఆ యుద్ధం తెచ్చిపెట్టిన నష్టానికి బాధ్యత జర్మనీ మీద, దాని మిత్రుల మీద పెట్టింది. జర్మనీ విదేశాంగ శాఖ ఈ నింద తుడవడానికే ఒక విభాగం నడిపింది. 1871 నుంచి 1914 దాకా ఉన్న దౌత్య పత్రాలను 1920లలో నలభై సంపుటాలుగా ప్రచురించారు. ఈ పనంతటి ఫలితంగా, 1950ల నాటికి జర్మన్ విశ్వవిద్యాలయాల్లో స్థిరపడిన మాట ఒకటే: 1914లో ఎవరూ కావాలని యుద్ధంలోకి దిగలేదు, అందరూ కలిసి జారిపడ్డారు. తిలా పాపం తలా పిడికెడు. అప్పుడు హిట్లర్ ఎక్కడి నుంచో ఊడిపడ్డ పీడ అవుతాడు, అంతకు ముందు చరిత్రకి మచ్చ ఉండదు.

1961లో హాంబుర్గ్ ప్రొఫెసర్ ఫ్రిట్జ్ ఫిషర్ ఆ మాటను తిరగేశాడు. అతను తూర్పు జర్మనీలో ఉన్న పోట్స్‌డామ్ ఆర్కైవ్‌లో కూడా కూర్చుని ఫైళ్లు తిరగేసినవాడు. ఛాన్సలర్ బెత్‌మాన్ హోల్వెగ్ 1914 సెప్టెంబర్ 9 నాటి పత్రాన్ని ముందుకు తెచ్చాడు. బెల్జియంని సామంత రాజ్యం చెయ్యాలి, ఫ్రాన్స్ మళ్లీ లేవకుండా చెయ్యాలి, మధ్య యూరప్ అంతటినీ జర్మనీ పెత్తనంలో ఒక ఆర్థిక కూటమిగా కట్టాలి. యుద్ధం మొదలై నెలన్నరైనా కాలేదు, కోరికల జాబితా సిద్ధం. అంటే 1914కీ 1939కీ మధ్య తెగిపోయిన దారం లేదు, కొనసాగిన దారమే ఉంది అని ఫిషర్ వాదన.

దేశం అట్టుడికిపోయింది. ఫ్రైబుర్గ్‌లోని గెర్హార్డ్ రిట్టర్ అనే చరిత్రకారుడు విరుచుకుపడ్డాడు. 1964లో బెర్లిన్‌లో చరిత్రకారుల మహాసభలో హోరాహోరీగా వాదించుకున్నారు. ఆ ఏడాదే ఫిషర్ అమెరికాలో ఉపన్యాసాలు ఇవ్వాల్సి ఉంటే ప్రభుత్వం ఇస్తానన్న డబ్బు వెనక్కి తీసుకుంది. అమెరికా చరిత్రకారులు చందాలు వేసుకుని రప్పించుకున్నారు.

ఇక్కడితో ఆగితే ఫిషర్ హీరో, రిట్టర్ విలన్ అయిపోతారు. ఇంకాస్త తవ్వు. రిట్టర్ మొదటి ప్రపంచ యుద్ధంలో సైనికుడు. హిట్లర్‌ని వ్యతిరేకించినవాళ్లతో సంబంధాలున్నాయని 1944లో జైల్లో పెట్టారు. ఫిషరేమో ఒకప్పుడు నాజీ పార్టీ సభ్యుడు. ఎవరి గతం ఎటు ఉంది, ఎవరి వాదన ఎటు పోయింది! అందుకే, అచ్చయిన ఏడాది చూడమన్నానని జాతకం చూసి పుస్తకానికి తీర్పు చెప్పకు. రచయిత నిలబడ్డ చోటు తెలిస్తే ఏ ప్రశ్న వేస్తున్నాడో అర్థమవుతుంది. జవాబు నిలుస్తుందా లేదా అనేది అతను చూపించే కాగితాలు తేల్చాలి. సెప్టెంబర్ పత్రం విషయంలోనే చూడు, అది యుద్ధం మొదలయ్యాక రాసింది, ముందు నుంచీ ఇదే ఉద్దేశం అని దానితో రుజువవుతుందా అన్న ప్రశ్న అప్పుడూ వేశారు, ఇప్పుడూ వేస్తున్నారు. 2012లో క్రిస్టఫర్ క్లార్క్ అనే చరిత్రకారుడు మళ్లీ అన్ని రాజధానుల మీదకీ బాధ్యత పంచాడు. జర్మనీలో ఆ పుస్తకం విపరీతంగా అమ్ముడుపోయింది. ఎందుకు అమ్ముడుపోయిందన్నది కూడా చరిత్ర ప్రశ్నే.

1933 దగ్గర నీకు వేరే జాగ్రత్త కావాలి. ఇక్కడ సంవత్సరాలు సరిపోవు, నెలలు, వారాలు లెక్కపెట్టాలి. 1928లో నాజీలకు వచ్చిన ఓట్లు 2.6 శాతం. 1930 సెప్టెంబర్‌లో 18.3. 1932 జూలైలో 37 దాటాయి. అదే నవంబర్‌లో 33.1కి పడిపోయాయి, సీట్లు 230 నుంచి 196కి తగ్గాయి. పడిపోతున్న సమయంలోనే, 1933 జనవరి 30న, అధ్యక్షుడు హిండెన్‌బుర్గ్ హిట్లర్‌ని పిలిచి ఛాన్సలర్ని చేశాడు. మాజీ ఛాన్సలర్ ఫాన్ పాపెన్ వంటి పెద్దలకు ధీమా ఏమిటంటే, మంత్రివర్గంలో హిట్లర్‌తో కలిపి నాజీలు ముగ్గురే, మన చెప్పుచేతల్లో ఉంటాడని. మార్చి 23న, పార్లమెంటుతో పనిలేకుండా ప్రభుత్వమే చట్టాలు చేసుకునే సర్వాధికారాల చట్టానికి 444 ఓట్లు వచ్చాయి. వ్యతిరేకంగా వేసినవాళ్లు 94 మంది, అందరూ సోషల్ డెమొక్రాట్లే. కమ్యూనిస్టులను అసలు సభలో కూర్చోనివ్వలేదు.

చరిత్రకారుడు కార్ల్ డీట్రిష్ బ్రాఖర్ 1955లోనే ఈ పతనాన్ని మెట్టు మెట్టుగా చూపించాడు. 1930 నుంచి పార్లమెంటును పక్కన పెట్టి అధ్యక్షుడి అత్యవసర ఉత్తర్వులతో పాలించడం ఎలా అలవాటైందో అతని దగ్గర చదువు. ప్రత్యేక మార్గం వాళ్లు ఇదే సంగతికి యాభై ఏళ్లు వెనక్కి వెళతారు. హెన్రీ ఆష్బీ టర్నర్ అయితే మొత్తం పుస్తకం ఆ ఒక్క జనవరి మీదే రాశాడు. ఆ ముప్ఫై రోజుల్లో నాలుగైదుగురు వేరేలా నడుచుకుని ఉంటే కథ వేరు అని. నా మాట అడిగితే, లోతైన కారణాలు 1933ని వీలయ్యేలా చేశాయి, ఆ జనవరి మనుషులు దాన్ని జరిగేలా చేశారు. రెండిట్లో ఒకటే చాలనేవాళ్లతో నాకు పడదు. నీకు వేరే అభిప్రాయం ఉంటే రాయి, కానీ నవంబర్ అంకెలను మాత్రం దాటెయ్యకు. "జర్మన్లు హిట్లర్‌ని గెలిపించారు" అని ఒక్క ముక్కలో రాశావంటే ఊరుకోను.

మిగతావి తొందరగా. తూర్పు జర్మనీ చరిత్రకారులకు పెద్ద మలుపు 1525 రైతు తిరుగుబాటు. ఆ తిరుగుబాటు నాయకుడు థామస్ ముంట్సర్ బొమ్మ వాళ్ల ఐదు మార్కుల నోటు మీద ఉండేది. రాజ్యం మారితే నోటూ మారుతుంది, మలుపూ మారుతుంది. 1945ని "సున్నా గంట", అంటే అంతా కొత్తగా మొదలైన క్షణం, అనడం ఓదార్పు మాట, అదే అధికారులు, అదే జడ్జీలు చాలామంది మళ్లీ కుర్చీల్లో కనిపిస్తారు. 1985 మే 8న పశ్చిమ జర్మనీ అధ్యక్షుడు వైత్సెకర్, జర్మనీ లొంగిపోయిన 1945 మే 8ని విముక్తి దినం అన్నాడు. ఆ మరుసటేడే ఎర్నెస్ట్ నోల్ట అనే చరిత్రకారుడు నాజీల నేరాలను సోవియట్ నేరాలకు ఎదురుచర్యలా చూపించే వ్యాసం రాస్తే, తత్వవేత్త హాబర్మాస్ పత్రికలోనే గట్టిగా జవాబిచ్చాడు. ఆ వివాదం మీద రెండు పేజీలు మించి రాయకు, అందులో పడితే బయటికి రాలేవు.

1989 నవంబర్ 9న బెర్లిన్ గోడ తెరుచుకున్నాక ఇంకో వింత జరిగింది. అప్పటిదాకా అందరి కథా ముక్కలైన దేశంతో ముగిసేది. చివర మారేసరికి మొదళ్లు కూడా మార్చుకోవాల్సి వచ్చింది. 2000లో హైన్రిష్ ఆగస్ట్ వింక్లర్ అనే చరిత్రకారుడు, జర్మనీ రెండు వందల ఏళ్లు నడిచి చివరకు పశ్చిమ ప్రజాస్వామ్యాల సరసన చేరింది అన్నాడు. ప్రత్యేక మార్గానికి ముగింపు దొరికిందన్నమాట.

మొదళ్లంటే గుర్తొచ్చింది. నిప్పర్డై అనే చరిత్రకారుడు 1983లో తన పందొమ్మిదో శతాబ్దపు చరిత్రను "మొదట్లో నెపోలియన్ ఉన్నాడు" అని మొదలుపెట్టాడు. నాలుగేళ్ల తర్వాత వేలర్ తన సమాజ చరిత్రను, మొదట్లో విప్లవం లేదు అని మొదలుపెట్టాడు. ఒకరు ఉన్నదానితో, ఒకరు లేనిదానితో. ఏ పుస్తకమైనా మొదటి వాక్యం, చివరి పేరా పక్కపక్కన పెట్టి చదువు. మలుపు ఎక్కడ పెట్టబోతున్నాడో మధ్య పేజీలు తిప్పకముందే సగం తెలిసిపోతుంది.

పేపర్ రాసేటప్పుడు ఆరు మలుపులూ కుక్కకు. 1914, 1933 రెండు చాలు. ఒక్కోదానికి పోట్లాడుకున్న ఇద్దరిని తీసుకో, వాళ్లు ఏ కాగితం మీద పోట్లాడుకున్నారో ఆ కాగితం పేరు రాయి. "చరిత్రకారుల అభిప్రాయం ప్రకారం" అని ఎక్కడా రాయకు, ఏ చరిత్రకారుడు, ఎప్పుడు అని రాయి. జర్మన్ పేర్లు పలకడం గురించి భయపడకు, మేమూ తప్పే పలికాం.

నా పాత నోట్సు కట్ట మీ అమ్మ వచ్చే ఆదివారం వచ్చినప్పుడు పంపిస్తాను. 1848 పేజీలో ఎర్ర సిరాతో కొట్టేసిన వాక్యం ఒకటి కనిపిస్తుంది. పక్కన "టేలర్, 1945" అని ఉంటుంది. డ్రాఫ్టు అయ్యాక నాకు ఫోటోలు కాదు, ప్రింటు పంపు, కళ్లద్దాలు పెట్టుకున్నా ఫోన్లో చదవలేను.

ఆశీస్సులతో,
పెద్దమ్మ