కరెంటు దాలిలో పొద్దుటి టిఫిన్

"పిన్నీ, ఆఫీసులో పాట్‌లక్ అట, తలా ఒక వంటకం చేసుకుని తేవాలట. బ్రేక్‌ఫాస్ట్ క్యాసరోల్ తెస్తావా అంటే సరేనన్నాను. మా ఇంట్లో క్యాసరోల్ ఉంది గానీ, అందులో ఏం పెట్టి తీసుకెళ్లాలి?" అని అమెరికాకు కొత్తగా వచ్చిన ఒక అమ్మాయి మొన్న ఫోన్ చేసింది. నవ్వొచ్చింది గానీ, ఇరవై ఏళ్ల కిందట నేనూ అంతే. మనకు క్యాసరోల్ అంటే చపాతీలు వేడిగా ఉంచుకునే డబ్బా. అమెరికా వాళ్లకు అది వంటకం. బంగాళాదుంపలో, బ్రెడ్డో అడుగున పరిచి, గిలక్కొట్టిన గుడ్లు పోసి, చీజ్ చల్లి ఒకే గిన్నెలో వండేస్తారు. ఎక్కువమంది ఓవెన్‌లో పెడతారు. నేను మాత్రం స్లో కుక్కరే మేలంటాను. రాత్రి పడుకునే ముందు పెడితే పొద్దున్నే తయారుగా ఉంటుంది. పైగా పొగ రాదు కాబట్టి అపార్ట్‌మెంట్‌లో అలారం మోగుతుందన్న టెన్షన్ ఉండదు.

పల్లెటూళ్లో పెరిగినవాళ్లకు స్లో కుక్కర్ గురించి ఒక్క ముక్కలో చెప్పొచ్చు. ఇది కరెంటు దాలి. దాలిగుంటలో పిడకల నిప్పు మీద పాలకుండ పెట్టి పొద్దంతా అలా వదిలేసేవాళ్లు కదా, అదే పద్ధతి. దీని పుట్టుక కూడా అలాంటిదే. షికాగోలో ఇర్వింగ్ నాక్సన్ అనే ఆయన దీనికి 1940లో పేటెంట్ తీసుకున్నాడు. లిథువేనియాలో యూదులు శుక్రవారం సాయంత్రమే బీన్స్ కుండను బేకరీ పొయ్యిలో పెట్టేసి, మర్నాడు సబ్బాత్, అంటే వాళ్ల విశ్రాంతి రోజు కాబట్టి నిప్పు ముట్టకుండా వేడివేడిగా తినేవాళ్లని వాళ్లమ్మ చెప్పేదట. ఆ మాటే దీనికి మూలం. రైవల్ అనే కంపెనీ ఆ హక్కులు కొని, 1971లో క్రాక్‌పాట్ పేరుతో అమ్మింది. అందుకే ఇక్కడ ఏ కంపెనీదైనా సరే క్రాక్‌పాట్ అనేస్తారు.

ఇక వంట. ఆరు క్వార్టుల కుక్కర్‌కి చెబుతున్నాను, ఎనిమిది మందికి సరిపోతుంది. ఫ్రోజెన్ సెక్షన్‌లో హ్యాష్‌బ్రౌన్స్ అని తురిమిన బంగాళాదుంప దొరుకుతుంది. 30 ఔన్సుల సంచీ ఒకటి తెచ్చి, ముందు రోజే ఫ్రిజ్‌లోకి మార్చి మంచు వదలనివ్వండి. తర్వాత పలుచటి గుడ్డలో వేసి నీళ్లు పిండేయండి. ఈ పని బద్ధకించారా, అడుగున చెరువే. గుడ్లు పన్నెండు, పాలు ఒక కప్పు, చెడ్డార్ చీజ్ తురుము అర పౌండు, సాసేజ్ ఒక పౌండు. ఉల్లిపాయ, క్యాప్సికం మీ ఇష్టం.

సాసేజ్ కొనేటప్పుడు లేబుల్ చదవండి. ఇక్కడ బ్రేక్‌ఫాస్ట్ సాసేజ్ అంటే ఎక్కువగా పంది మాంసమే. చికెన్ అని పెద్ద అక్షరాలతో రాసి ఉన్నా, పై తొడుగు పందిది కావచ్చు. అది చిన్న అక్షరాల్లో ఉంటుంది. తినని వాళ్లు పుట్టగొడుగులు వేయించి వేసుకున్నా బాగుంటుంది.

మనవాళ్లు చాలామంది ఒక పొరపాటు చేస్తారు. పచ్చి ఉల్లిపాయ, జీలకర్ర, కారం అన్నీ గిన్నెలో పడేసి మూత పెట్టేస్తారు. స్లో కుక్కర్ సన్నటి వేడికి పోపు వేగదు. తెల్లారేసరికి అంతా చప్పగా, ఆసుపత్రి తిండిలా ఉంటుంది. మూకుడులో నూనె వేసి జీలకర్ర, పచ్చిమిర్చి, కరివేపాకు, ఉల్లిపాయ వేయించి, అందులోనే సాసేజ్ కూడా చిదిపి పూర్తిగా ఉడికించి అప్పుడు దించండి. ఉప్పు మాత్రం చెయ్యి బిగించి వేయండి. చీజ్‌లోనూ సాసేజ్‌లోనూ ఇప్పటికే బోలెడుంది.

గిన్నెకు వెన్న బాగా రాసి, బంగాళాదుంప, వేపుడు, చీజ్ రెండు వరసలుగా పరచండి. పాలు, మిరియాల పొడి కలిపి గిలక్కొట్టిన గుడ్లు పైనుంచి పోసి, మూత పెట్టి, 'లో' (తక్కువ వేడి) మీద పెట్టండి. ఆరేడు గంటలు పడుతుంది. ఎనిమిది గంటలని రాసినవాళ్లు ఉన్నారు గానీ, నా కుక్కర్‌లో ఎనిమిదైతే అంచులు నల్లబడి, గుడ్డు రబ్బరులా సాగుతుంది. కుక్కర్ కుక్కర్‌కీ వేడి తేడా ఉంటుంది కాబట్టి, మొదటిసారి ఇంట్లో ఉన్న శనివారం పగలు వండి టైమ్ రాసిపెట్టుకోండి. నడిమధ్య థర్మామీటర్ గుచ్చితే 160 ఫారెన్‌హీట్ చూపించాలి. మధ్యలో మూత తీసి తొంగిచూడకండి. తీసిన ప్రతిసారీ ఇంకో ఇరవై నిమిషాలైనా అదనంగా పడుతుంది.

రాత్రి పదింటికి అన్నీ పరిచేసి, టైమర్ ప్లగ్ పెట్టి రెండింటికి మొదలయ్యేట్టు చేద్దామని కొందరికి తోస్తుంది. నాకూ తోచింది. పచ్చి గుడ్లు, పాలు అలా నాలుగు గంటలు బయట ఉండకూడదు, రెండు గంటలే హద్దు. అంతకంటే వంట అయ్యాక దానంతటదే 'వామ్'కి (వండకుండా వేడిగా మాత్రం ఉంచే సెట్టింగ్‌కి) మారే మోడల్ కొనుక్కోండి. నిద్ర కూడా చెడదు.

మాట వచ్చింది కాబట్టి రాజ్మా సంగతి. ఈ కుక్కర్‌లో పచ్చి రాజ్మాని నేరుగా లో మీద వండొద్దు. వాటిలో ఉండే లెక్టిన్ అనే విషం అంత తక్కువ వేడికి చావదు, తిన్నవాళ్లకు వాంతులు, విరేచనాలు పట్టుకుంటాయి. రాత్రి నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, స్టవ్ మీద పది నిమిషాలు తెర్ల కాగనిచ్చాక అప్పుడు ఇందులో వేయండి. లేదంటే డబ్బా రాజ్మా వాడండి, అవి ఉడికినవే.

పాట్‌లక్‌కి గిన్నెతో సహా తీసుకెళ్లి, అక్కడ వామ్ మీద పెట్టేయండి. మిగిలింది ఫ్రిజ్‌లో మూడు నాలుగు రోజులుంటుంది. వేడి చేయడానికి మాత్రం మైక్రోవేవే. చల్లటిదాన్ని స్లో కుక్కర్‌లో పెడితే వేడెక్కేసరికే పాడవుతుంది. ఖాళీ అయిన వేడి గిన్నెలో చన్నీళ్లు పోయకండి, పగులుతుంది.

ఇంకోటి. ఇండియా వెళ్లేటప్పుడు అత్తగారికి బహుమతిగా పట్టుకెళ్లకండి. ఇది 120 వోల్టుల వస్తువు, అక్కడ వచ్చేది 230. నేను పట్టుకెళ్లాను. ప్లగ్ పెట్టిన కాసేపటికే కుక్కర్ కాలిపోయింది. లోపలి గిన్నె మాత్రం మా అత్తగారి దగ్గర భద్రంగా ఉంది, ఏటా వేసవిలో అందులో మాగాయ ఊరుతోంది.