చేతిపని సందేహాలు: గ్లాసు కింద కాగితపు బిళ్ల

ప్రశ్న: పాత వారపత్రికల కాగితాలు మడిచి, గుండ్రంగా చుట్టి కోస్టర్లు చేశానండి. నాలుగు రోజులకే అంచులు పైకి లేచి మూకుళ్లలా తయారయ్యాయి. ఫెవికాల్ కూడా అక్కడక్కడ తెల్లగానే ఉండిపోయింది. ఎందుకని?
– ఒక పాఠకురాలు, రాజోలు

జవాబు: రెండూ తడి చేసిన పనులే. తెల్ల జిగురులో ఉన్న నీరంతా ఆరాకే అది కనపడకుండా పోతుంది. శ్రావణ భాద్రపదాల్లో కోనసీమ గాలికి అది అంత త్వరగా ఆరదు. ఆరకముందే వార్నిష్ వేస్తే నీరు లోపలే చిక్కుకుంటుంది. మీ తెల్లమచ్చలు అవే.

అంచులు లేచాయంటే పైవైపు మాత్రమే పూత వేసి ఉంటారు. జిగురు ఆరుతూ ముడుచుకుని బిళ్లను తనవైపు లాగుతుంది. పూత లేని అడుగు తేమ పీల్చి ఉబ్బుతుంది. పైన, కింద, అంచున ఒకే మందంలో పూస్తే ఈ లాగుడు ఉండదు.

కొలతలు ఇవి. సుమారు 20 × 27 సెంటీమీటర్ల కాగితాన్ని నిలువునా రెండు ముక్కలు చేయండి. ఒక్కో ముక్కను నిలువునా నాలుగుసార్లు సగానికి మడిస్తే 6 మిల్లీమీటర్ల పైచిలుకు వెడల్పున్న పట్టీ వస్తుంది. ప్రతి మడతనూ స్టీలు స్కేలు అంచుతో గట్టిగా నొక్కాలి. 10 సెంటీమీటర్ల బిళ్లకు ఇలాంటి పట్టీలు 24 దాకా పడతాయి, అంటే 12 కాగితాలు. మొదటి పట్టీని చీపురుపుల్లకు చుట్టి మొదలుపెట్టండి. పట్టీల కొసలు ఒకదాని పక్కన ఒకటి ఆనాలి. ఒకదానిపై ఒకటి ఎక్కితే అక్కడ బుడిపె వస్తుంది. జిగురు లోపలివైపు పల్చగా రాస్తే చాలు. మరీ బిగించి చుట్టినా ప్రమాదమే, నడుమ భాగం బొంగరంలా పొడుచుకొస్తుంది.

చుట్టాక పాత పేపర్ల మధ్య పెట్టి, పైన సన్నికల్లు ఎత్తి ఒకటి రెండు రోజులు ఉంచండి. పేపర్లు పూటపూటకూ మార్చాలి. ఎండలో పెట్టకండి, పైభాగం ముందే ఆరి వంగుతుంది. ఆ తర్వాత మూడు వంతుల జిగురుకు ఒక వంతు నీరు కలిపి అన్నివైపులా పూయండి. తెలుపు పూర్తిగా పోయాకే వార్నిష్, పల్చగా మూడుసార్లు, రోజుకొకటి.

ఇప్పటికే వంగినవాటికి అడుగున కూడా అదే జిగురు పూసి, చేతికి అంటని స్థితికి వచ్చాక బటర్ పేపర్ మధ్య బరువు కింద పెట్టండి. చాలావరకు దిగుతాయి.

ప్రశ్న: వేడి కాఫీ పెడితే స్టీలు గ్లాసు కోస్టర్‌తో సహా పైకి లేస్తోంది.
– ఒక పాఠకుడు, భీమవరం

జవాబు: కాగితం ఆ వేడిని తట్టుకుంటుంది, మెత్తబడేది పైపూత. ఫెవికాలే చివరి పూత అయితే వేడికీ, చల్లనీళ్ల గ్లాసుకు పట్టే చెమటకీ కూడా జిగటగా మారుతుంది. నీటితో కలిపే యాక్రిలిక్ వార్నిష్ నయమే గానీ వేడికి అదీ కొంత లొంగుతుంది. నూనె రకం పాలీయూరిథేన్ క్లియర్ వార్నిష్ వాడండి. తెల్ల కాగితం మీద కాస్త పసుపు ఛాయ వస్తుంది, తప్పదు. చేతికి ఆరినట్టు అనిపించినా వారం పది రోజులు గ్లాసు పెట్టకండి. పూసేటప్పుడు కిటికీలు తీసి ఉంచాలి, దగ్గర్లో పొయ్యి వెలగకూడదు.

ప్రశ్న: మా ఊరి లేసు ముక్కలను కోస్టర్ మీద అంటించవచ్చా?
– ఒక పాఠకురాలు, నరసాపురం

జవాబు: అంటిస్తే గ్లాసు ఊగుతుంది, కన్నాల్లో టీ చేరుతుంది. లేసును అచ్చుగా వాడటమే అందం. గంజి పెట్టి ఇస్త్రీ చేసి, అట్టబిళ్లపై బిగుతుగా పరిచి, దాదాపు పొడిగా ఉన్న స్పాంజితో రంగును నిటారుగా అద్దండి. రంగు పల్చనైతే దారాల కిందికి పాకి పువ్వు చెదిరిపోతుంది. లేసును వెంటనే కడిగేయాలి.

ప్రశ్న: శుభలేఖల గుట్ట ఉంది. మైదా జిగురుతో అంటించి చేయవచ్చా?
– ఒక పాఠకురాలు, పాలకొల్లు

జవాబు: మైదా వద్దు, బూజూ పురుగూ పడతాయి. బైండింగు వాళ్లలా మైలుతుత్తం కలుపుదామనుకుంటే అది విషం, తినేచోట పనికిరాదు. ఫెవికాల్ వాడండి. నున్నటి లామినేషన్, బంగారు రేకు ఉన్నచోట జిగురు ఇంకదు, సాండ్‌పేపర్‌తో గీరాలి. ఐదు పొరలు సరిపోతాయి. అట్ట ఏవైపు తేలిగ్గా వంగుతుందో చూసి, ఒక పొర నిలువుగా, తర్వాతిది అడ్డంగా వేయండి. గుండ్రాలు ముందే కత్తిరించుకోండి. ఐదు పొరలూ అంటించాక కత్తెర లొంగదు.