బ్రెయినియాక్ అసలు ఎవరు: యంత్రమా, వేరే గ్రహం నుంచి వచ్చిన శాస్త్రవేత్తా?

మీరు అడిగింది ఇదీ: సూపర్‌మ్యాన్ కథల్లో బ్రెయినియాక్ ఒకచోట రోబో, ఒకచోట ఆకుపచ్చ మనిషి, ఇంకోచోట సూపర్‌మ్యాన్ పుట్టిన క్రిప్టాన్ గ్రహపు కంప్యూటర్. ఏది నిజం? సూపర్‌మ్యాన్ పాత శత్రువు లెక్స్ లూథర్ కన్నా పెద్ద విలనా? పదో తరగతి చదివే మా అబ్బాయి ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి?

మూడూ నిజమేనండీ. చేతికి దొరికిన పుస్తకం ఏ సంవత్సరంలో అచ్చయిందో చూసుకోవాలి, అంతే. నన్నడిగితే మాత్రం అతను ముందు శాస్త్రవేత్త, ఆ తర్వాతే యంత్రం. ఎందుకో చెబుతాను, కొంచెం పొడుగవుతుంది.

మాది కావలి. రొయ్య పిల్లల హేచరీలో పని. ఈ కామిక్స్ పిచ్చి నాకు నెల్లూరులో చదువుకునే రోజుల్లో పాత పుస్తకాల బండ్ల దగ్గర పట్టుకుంది. అట్టలు లేని పుస్తకాలు, మొదటి పేజీ ఉంటే చివరి పేజీ ఉండదు. నాకు పరిచయమైన బ్రెయినియాక్ ఆకుపచ్చ ఒళ్లు, బోడి గుండు, గులాబీ రంగు చొక్కా. మా అక్క కొడుక్కి తెలిసినవాడు వేరు. వాడు కార్టూన్ నెట్‌వర్క్‌లో 1996 నాటి సూపర్‌మ్యాన్ సీరియల్ చూసి పెరిగాడు. అందులో బ్రెయినియాక్ క్రిప్టాన్ గ్రహాన్ని నడిపే కంప్యూటర్. గ్రహం పేలిపోతుందని దానికి ముందే తెలుసు. తెలిసీ పెద్దలతో అబద్ధం చెప్పి, తన మెమరీని మాత్రం ఉపగ్రహంలోకి ఎక్కించుకుని బయటపడుతుంది. "సైంటిస్టు ఏంది మామా, అది కంప్యూటర్ గదా" అని వాడు, "కాదురా అబ్బయ్యా, వాడికో కోతి కూడా ఉండాది" అని నేను. మీ ఇంట్లో కూడా ఇట్టాంటి వాదనే జరిగి ఉంటుందని నా అనుమానం.

కోతి సంగతి నిజమే. బ్రెయినియాక్ మొదటిసారి కనిపించింది 1958 జులైలో, యాక్షన్ కామిక్స్ 242వ సంచికలో. కథ ఆటో బైండర్‌ది, బొమ్మలు అల్ ప్లాస్టినోవి. మరుసటి ఏడాది సూపర్‌గర్ల్‌ని తెచ్చింది కూడా ఈ జంటే. కోకో అనే తెల్ల కోతిని వెంటేసుకుని బ్రెయినియాక్ పళ్లెం లాంటి అంతరిక్ష నౌకలో వస్తాడు. పారిస్, లండన్, రోమ్, న్యూయార్క్ నగరాలను ఒక్కొక్కటిగా కిరణంతో కుదించి సీసాల్లో పెట్టుకుంటాడు. సూపర్‌మ్యాన్ ఎంత గుద్దినా అతని చుట్టూ ఉన్న శక్తి కవచం చెక్కుచెదరదు. ఇంత గొప్ప హీరో చెయ్యి నొప్పి పుట్టడం తప్ప ఏమీ సాధించలేని కథ అది, ఆ రోజుల్లో అరుదు.

ఇదంతా ఎందుకు చేస్తున్నాడంటే, అతని గ్రహంలో జనమంతా రోగమొచ్చి చచ్చిపోయారు. ఆ ఖాళీ గ్రహాన్ని మళ్లీ నింపడానికి నగరాలను పట్టుకుపోతున్నాడు. అంటే మొదటి కథలో అతను పిచ్చివాడు కాదు, దొంగ. ఆ దొంగతనానికి ఒక ఏడుపు కారణం కూడా ఉంది. తర్వాత వచ్చిన రచయితలు చాలామంది దీన్ని పక్కన పడేశారు, నాకది నచ్చలేదు.

ఆ నౌకలోనే ఇంకో సీసా ఉంటుంది. అది కాండోర్, క్రిప్టాన్ గ్రహపు నగరం. గ్రహం పేలకముందే ఎత్తుకొచ్చాడు కాబట్టి అందులో జనం బతికే ఉన్నారు. చివర్లో భూమి మీది నగరాలన్నీ మామూలు సైజుకొస్తాయి. యంత్రంలో ఇక ఒక్కసారికి సరిపడా శక్తి మిగులుతుంది. దాంతో కాండోర్‌నైనా పెద్దది చేయాలి, కుదించుకుపోయిన సూపర్‌మ్యాన్‌నైనా. కాండోర్ వాళ్లే సూపర్‌మ్యాన్‌ని ఎంచుకుంటారు. దాంతో ఆ నగరం ఇరవై ఏళ్లకు పైగా, 1979లో 338వ సూపర్‌మ్యాన్ సంచిక వచ్చేదాకా, సీసాలోనే ఉండిపోయింది. విలన్‌కి శిక్ష కూడా పడదు. వందేళ్ల తిరుగు ప్రయాణానికని హాయిగా నిద్రలోకి జారుకుంటాడు.

సీసాలో నగరం అంటే చాలామంది చిన్నపిల్లల ఊహ అని నవ్వుతారు. నాకు నవ్వు రాదు, నేను రోజూ చేసే పని అదే. వెనామీ రకం రొయ్య పిల్లల ప్యాకింగ్ ఎప్పుడైనా చూశారా? ప్లాస్టిక్ కవర్లో కొంచెం నీళ్లు పోసి, వేలకు వేలు పిల్లను దింపి, మిగతా ఖాళీ అంతా ఆక్సిజన్ పట్టి, రబ్బరు బ్యాండు బిగించి అట్టపెట్టెలో పెడతాం. అంతకు ముందు నీళ్లను మెల్లగా చల్లబరుస్తాం. చల్లబడితే పిల్ల మందగిస్తుంది, గాలి తక్కువ వాడుకుంటుంది, ఒకదాన్నొకటి కొరుక్కోవడం కూడా తగ్గుతుంది. కవర్ పైకెత్తి లైటుకు అడ్డం పెడితే వెంట్రుక ముక్కల్లాంటివి లోపల ఈదుతుంటాయి, కళ్లు మాత్రం నల్లటి చుక్కల్లా కనబడతాయి. ఆ కవర్లో అవి బతికేది కొన్ని గంటలే. విడవలూరులో రైతు రొయ్యల గుంటకు చేరాక కూడా గబుక్కున గుమ్మరించకూడదు. కవర్లను అట్టాగే కాసేపు నీళ్లమీద తేలనివ్వాలి, ఆనక మూతి విప్పి గుంట నీళ్లు కొంచెం కొంచెం కలపాలి. తొందరపడితే పిల్ల తెల్లబడి అడుక్కు పోతుంది.

అందుకే కాండోర్ బొమ్మ చూసినప్పుడు నా కళ్లు ముందు గాలి గొట్టం మీదికే పోతాయి. పాత బొమ్మల్లో చాలావాటిలో సీసాకు గొట్టం తగిలించి ఉంటుంది. ఎవరో ఒక ఆర్టిస్టుకు ఈ ఆలోచన వచ్చినందుకు సంతోషం. 1979 కథలో అయితే ఇంకో అడుగు ముందుకేశారు. కాండోర్‌ని పెద్దది చేసేసరికి జనం క్షేమంగా బయటపడతారు గానీ కట్టడాలన్నీ పొడిపొడిగా రాలిపోతాయి. రాసిన లెన్ వీన్‌కి రొయ్యల సంగతి తెలిసే అవకాశం లేదు, కానీ సీసాలోంచి తీయడం పెట్టడం కన్నా కష్టమని మాత్రం పట్టుకున్నాడు.

సరే, మరి రోబో ఎట్టా అయ్యాడు? ఇది భలే కథ. అమెరికాలో ఎడ్మండ్ బెర్క్లీ అనే కంప్యూటర్ శాస్త్రవేత్త పిల్లలు సొంతంగా బిగించుకునే కంప్యూటర్ కిట్ ఒకటి అమ్మేవాడు. దాని పేరు కూడా బ్రెయినియాక్. పేరు తగాదా లేకుండా, సూపర్‌మ్యాన్ పుస్తకాలు అచ్చేసే డీసీ కంపెనీ వాళ్లు మర్యాదగా సర్దుకుని, 1964 ఫిబ్రవరిలో వచ్చిన 167వ సూపర్‌మ్యాన్ సంచికలో తమ విలన్‌ని కంప్యూటర్‌గా మార్చేశారు. పాఠకుల ఉత్తరాల పేజీలో ఆ కిట్ గురించి కూడా రాశారు. కథ ప్రకారం కోలు అనే గ్రహాన్ని కంప్యూటర్ నియంతలు ఏలుతుంటారు. వేరే లోకాల్లో గూఢచర్యానికి మనిషి ఆకారంలో తయారుచేసి పంపిన యంత్రమే బ్రెయినియాక్. అనుమానం రాకుండా ఉండాలని ఒక కోలు పిల్లవాణ్ని కొడుకుగా అంటగట్టారు. ఆ పిల్లవాడి పేరు వ్రిల్ డాక్స్. తర్వాతి బొమ్మల్లో బ్రెయినియాక్ నెత్తిమీద కనిపించే ఎర్ర డయోడ్ల వల ఈ మార్పు తర్వాతిదే. ఇదే కథలో లూథర్ అతని తెలివిని పన్నెండో స్థాయికి పెంచుతాడు. ఆ "పన్నెండో స్థాయి మేధస్సు" అనే మాట ఈ వంశానికి అప్పటినుంచి ఇంటిపేరులా అంటుకుపోయింది. భవిష్యత్తులో వచ్చే మునిమనవడు బ్రెయినియాక్ 5 మంచివాడు, అతను అప్పటికే, 1961లోనే వచ్చాడు. ఆ సంగతి ఎత్తితే వేరే జవాబు రాయాలి.

1983లో ఎడ్ హానిగన్ కొత్త రూపం గీశాడు: లోహపు అస్థిపంజరం, పుర్రె ఆకారపు నౌక. యాక్షన్ కామిక్స్ 544లో గిల్ కేన్ దాన్ని బొమ్మల్లో పెట్టాడు. చూడ్డానికి అదిరిపోతుంది. కథాపరంగా నాకు అంతగా ఎక్కలేదు. యంత్రం చెడ్డ పని చేస్తే భయం వేస్తుంది గానీ కోపం రాదు.

1986లో సూపర్‌మ్యాన్ కథను మొదటినుంచీ తిరగరాశాక, 1988లో అసలు శాస్త్రవేత్త దిగాడు. ఈసారి వ్రిల్ డాక్స్ కొడుకు కాదు, తనే బ్రెయినియాక్. కోలు గ్రహంలో పేరుమోసిన శాస్త్రవేత్త. తనలోంచే ఒక క్లోన్‌ని పుట్టించి, వాణ్ని కొడుకులా కాకుండా ల్యాబ్‌లో పనివాడిలా వాడుకున్న ఘనుడు. కంప్యూటర్ నియంతల మీద తిరగబడినందుకు మరణశిక్ష పడుతుంది. శరీరం పోతుంది, మనసు మాత్రం అంతరిక్షం దాటి భూమ్మీదకొచ్చి మిల్టన్ ఫైన్ అనే వాడిలో దూరుతుంది. ఈ ఫైన్ సర్కస్‌లో జనం మనసులో మాట చెప్పే ఆటగాడు. పాపం తాగుబోతు. ఆ శరీరం మీద పట్టు నిలుపుకోవడానికి బ్రెయినియాక్ హత్యలు చేసేదాకా పోతాడు. పూనకంలా ఉంటుంది చదువుతుంటే. మన ఊళ్లలో పూనకం వస్తే వేపమండలు తెచ్చేవాళ్లయినా ఉంటారు, ఫైన్‌కి అదీ లేదు.

ఇక్కడినుంచి రెండు పేరాల్లో ఒక కథ ముగింపు బయటపెడుతున్నాను. ముందే తెలియకూడదనుకుంటే దాటేయండి.

2008లో జెఫ్ జాన్స్ రాసి గ్యారీ ఫ్రాంక్ గీసిన కథ యాక్షన్ కామిక్స్ 866 నుంచి 870 దాకా ఐదు సంచికల్లో వచ్చింది. అందులో తేల్చింది ఏందంటే, సూపర్‌మ్యాన్ అప్పటిదాకా కొట్టిన బ్రెయినియాక్‌లు అసలువాడు పంపిన నమూనాలు, అంతే. అసలువాడు రక్తమాంసాలున్న శాస్త్రవేత్త, పుర్రె నౌకలో ఒంటరిగా తిరుగుతుంటాడు. ఒక్కో లోకం నుంచి ఒక్కో నగరం తీసుకుని, ఆ తర్వాత వాళ్ల సూర్యుణ్ని పేల్చేస్తాడు. మొదటి కథలో జనం కోసం నగరాలు దొంగిలించినవాడు ఇప్పుడు నగరం తన దగ్గర తప్ప ఇంకెక్కడా ఉండకూడదని మిగతా లోకాన్ని తగలబెడుతున్నాడు.

ఓడిపోయే తీరు మాత్రం నాకు చాలా నచ్చింది. నౌక లోపల అంతా శుభ్రం, క్రిమి అన్నది లేదు. సూపర్‌మ్యాన్ అతన్ని బయటికి, బురదలోకి ఈడుస్తాడు. గాలిలో క్రిములు, పురుగులు, మట్టి, శబ్దాలు, వీటిని తట్టుకోలేక బ్రెయినియాక్ కుప్పకూలుతాడు. హేచరీలో పనిచేసినవాడికి ఇది అక్షరాలా అర్థమవుతుంది. మేం వాడే తల్లి రొయ్యలు రోగాల్లేని జాతి. విదేశాల నుంచి చెన్నై నీలాంకరై క్వారంటైన్ దాటుకుని మా దగ్గరికొస్తాయి. లోపలికెళ్లే ప్రతివాడూ కాళ్లు మందు నీళ్లలో ముంచాలి, సముద్రపు నీళ్లు వడగట్టి శుద్ధి చేయాలి. అంత అపురూపంగా పెరిగిన పిల్లే గుంటలో పడ్డాక వైట్‌స్పాట్ అనే రోగం తగిలితే నాలుగు రోజుల్లో ఖాళీ అవుతుంది. పన్నెండో స్థాయి మేధస్సు ఉన్నవాడు ఇది ఆలోచించలేదంటే, నౌకలోంచి ఎప్పుడూ కాలు బయటపెట్టలేదన్నమాట. ఆ గెలుపు వెంటనే సూపర్‌మ్యాన్ పెంపుడు తండ్రి జొనాథన్ కెంట్ గుండెపోటుతో పోతాడు. అంత శక్తి ఉన్న కొడుకు సమయానికి చేరుకోలేడు. ఆ పేజీల్లో మాటలు తక్కువ.

లూథర్ సంగతి. లూథర్ 1940 నుంచీ ఉన్నాడు, పాతకాపు. అయితే అతనిది అసూయ. పక్క గట్టు వాడికి పంట ఎక్కువొచ్చిందని కుళ్లుకునే రకం, మనకు బాగా తెలిసిన జబ్బు. బ్రెయినియాక్‌కి సూపర్‌మ్యాన్ మీద పగేమీ లేదు. దారికి అడ్డొచ్చాడు, అంతే. బలం లెక్కన చూస్తే బ్రెయినియాక్‌దే పైచెయ్యి. పాత్రగా లూథరే లోతైనవాడని మా అక్క కొడుకు అంటాడు, అందులో కొంత నిజముందని ఒప్పుకోవాలి. సూపర్‌మ్యాన్‌కి ఎవరివల్ల ఎక్కువ నష్టం జరిగింది అంటే మాత్రం నా ఓటు బ్రెయినియాక్‌కే. తన పుట్టింటి గ్రహంలో మిగిలిన ఒకే ఒక్క నగరం ఇరవై ఏళ్లు కళ్లముందే ఉన్నా, సీసా మూత తీయలేక కూర్చున్నాడు గదా.

మీ అబ్బాయి పదో తరగతి అన్నారు కాబట్టి నేరుగా 2008 కథే ఇవ్వండి. ఐదు సంచికలూ కలిపి ఒకే పుస్తకంగా దొరుకుతుంది, ఇంగ్లిష్ కూడా కష్టంగా ఉండదు. నచ్చితే 1958 కథ చదివించండి. పన్నెండు పదమూడు పేజీల పని, కోతిని చూసి నవ్వుకుంటాడు. 1988 మిల్టన్ ఫైన్ కథలు ఇంకో రెండేళ్లు ఆగాక ఇవ్వండి, హత్యలూ తాగుడూ ఉన్నాయి. ఇంట్లో ఎనిమిది తొమ్మిదేళ్ల చిన్నవాళ్లు కూడా ఉంటే వాళ్లకు పుస్తకాలు వద్దు, 1996 కార్టూన్ పెట్టండి. అందులో బ్రెయినియాక్ కంప్యూటరే, మా అక్క కొడుకు వాదన వాళ్లు కూడా మొదలుపెడతారు, దానికి మీరే సమాధానం చెప్పుకోవాలి.