చర్చిలో పర్యావరణం పని మొదలుపెట్టే ముందు

నాన్నా,

నువ్వు యూత్ సెక్రటరీ అయ్యావని మీ అమ్మ చెప్పింది, సంతోషం. జూన్ 5న, పర్యావరణ దినం అని మొక్కలు నాటి ఫోటోలు దిగుదామన్నావంట, అది మాత్రం వద్దు. అప్పటికి మన వైపు ఎండలే తగ్గవు, అన్నీ మాడిపోతాయి, రెండు మంచి వానలు పడ్డాక జూలైలో నాటండి, ఒక్కో మొక్క ఒక్కో కుటుంబానికి అప్పజెప్పి పేరు రాసి పెట్టండి, సిగ్గుకైనా నీళ్ళు పోస్తారు.

అసలు పని విందుల దగ్గరుంది. క్రిస్మస్ ప్రేమవిందు అయ్యాక చర్చి వెనక్కెళ్ళి చూడు, ప్లాస్టిక్ గ్లాసులు, ప్లేట్లు కుప్పలు, సాయంత్రానికి వాటికి నిప్పు పెడతారు, ఆ పొగ పీల్చేది పక్క ఇళ్ళవాళ్ళు. ఆ ప్లాస్టిక్ గ్లాసులు, ప్లేట్ల మీద 2022 జూలై 1 నుంచి దేశమంతా నిషేధం ఉంది, మనకి పట్టలేదు. స్టీల్ ప్లేట్లు కొనమని కమిటీని అడుగు. కానీ కడిగే పని స్త్రీల మైత్రి మీద, అంటే చర్చి ఆడవాళ్ళ సంఘం మీద పడేశారో, రెండో విందుకే డిస్పోజబుల్స్ మళ్ళీ వస్తాయి, అందుకని కొళాయి దగ్గర ముందు కూర్చోవాల్సింది మగపిల్లలు, అందరికన్నా ముందు నువ్వు. ప్రభురాత్రి భోజనంలో ద్రాక్షరసం ఇచ్చి పారేసే ఆ చిన్న కప్పులు కూడా మార్పించు.

ఎవరో ఒక పెద్దాయన లేచి "లోకం ఎలాగూ కాలిపోయేదే, బైబిల్లో పేతురు రాయలేదా" అంటారు, తప్పకుండా అంటారు. వాదనకి దిగకు. చచ్చిపోతామని తెలిసి స్నానం మానేశామా అంకుల్ అని నవ్వేసి, ఆదికాండం 2:15 చదివించు. నరుణ్ణి ఏదెను తోటలో పెట్టింది "సేద్యపరచుటకును దాని కాచుటకును" అని ఉంది, అది పాపం రాకముందు ఇచ్చిన పని, శిక్ష కాదు. నాకైతే ద్వితీయోపదేశకాండం 20:19 ఇంకా ఇష్టం, పట్టణాన్ని ముట్టడేసినప్పుడు కూడా పండ్ల చెట్లు నరకొద్దంది, యుద్ధంలోనే వద్దంటే పార్కింగ్ కోసం మామిడిచెట్టు కొట్టేద్దామనేవాళ్ళు ఏమంటారో విందాం.

చర్చిలో దీని మీద ప్రసంగాల సంగతి పాస్టర్ అయ్యగారితో మాట్లాడు. సెప్టెంబర్ 1ని సృష్టి కోసం ప్రార్థన దినంగా 1989లో ఆర్థడాక్స్ వాళ్ళు పెట్టుకున్నారు, 2015లో పోప్ ఫ్రాన్సిస్ కాథలిక్కులకీ పెట్టారు, ఇప్పుడు చాలా సంఘాలు అక్టోబర్ 4 దాకా జరుపుతున్నాయి, మన సీఎస్‌ఐ (దక్షిణ ఇండియా సంఘం) పుట్టిన సెప్టెంబర్ 27 కూడా మధ్యలోనే వస్తుంది, కాబట్టి ఆయన కాదనరు.

ట్రెజరర్ గారిని మాత్రం ముందే ఇంటికెళ్ళి కలువు, ప్లేట్ల ఖర్చు మొదటిసారి మీటింగ్‌లో వింటే వద్దనే అంటారు.

మీ పెదనాన్న